పుంగ్గోల్ ఇంట్లో నిలవని సెల్లు

సింగపూర్‌లో నా మొదటి ఉద్యోగంలో నేను చేరడానికి కారణం ఒక్కటే. అందులో నోరు విప్పే పని లేదన్నారు.

ఉద్యోగాలు వెతుక్కుంటున్న అమ్మాయిలు అప్పుడప్పుడూ నన్ను అడుగుతుంటారు, "అక్కా, కొత్తవాళ్ళతో మాట్లాడాలంటే గొంతు పెగలదు, ఎలాంటి ఉద్యోగం చూసుకోమంటావు?" అని. అడిగేది కూడా మెసేజ్‌లోనే. వాళ్ళకు నేను చెప్పేది ఇది: మాట్లాడక్కర్లేని ఉద్యోగం కోసం మరీ అంతగా వెతక్కండి. దొరికినా ఎక్కువ రోజులు అలా ఉండనివ్వరు. ఎందుకుండనివ్వరో తెలియాలంటే ఇక్కడి పుంగ్గోల్ అనే పేటలో ఒక ఇంటి గోడకున్న రెండు పెన్సిల్ సెల్లుల కథ చెప్పాలి.

ఇక్కడి కొన్ని కొత్త అపార్టుమెంట్లలో ఇంటికొక ఏసీ యంత్రం ఉండదు. కింద ఎక్కడో నీళ్ళను చల్లబరిచి, గొట్టాల ద్వారా అన్ని ఇళ్ళకూ పంపిస్తారు. మీ ఇల్లు ఎంత చల్లగా ఉండాలో హాలు గోడకున్న ఒక తెల్లటి పలక నిర్ణయిస్తుంది. అదే థర్మోస్టాట్. అరచేయంత ఉంటుంది. లోపల రెండు పెన్సిల్ సెల్లు. అవి అయిపోయాయంటే పలక మీద అంకెలు మాయమవుతాయి, చల్లగాలి ఆగిపోతుంది. ఆ పలకలను అమర్చి, వాటి బాగోగులు చూసే చిన్న కంపెనీ మాది. "ఏసీ రావడం లేదు" అని ఎవరైనా చాట్‌లో రాస్తే, "దయచేసి సెల్లు మార్చి చూడండి" అని తిరిగి రాయడం నా పని. దాదాపు అందరికీ జబ్బు అదే, మందూ అదే.

నాకు ఆ పని ఎంతో నచ్చింది. చిన్నప్పటినుంచీ డైరీ రాసే అలవాటు వల్ల రాయమంటే ఎంతైనా రాస్తాను. మాట్లాడమంటేనే చిక్కు. క్లెమెంటిలో నేను అద్దెకున్న గదికి దగ్గర్లోని హాకర్ సెంటర్‌లో, అంటే తిండికొట్ల సముదాయంలో, చాలాకాలం ఒకే రకం నూడుల్స్ తిన్నాను. ఇష్టమై కాదు. ఆ కొట్టులో మాత్రమే వంటకాల బొమ్మలున్నాయి, వేలుపెట్టి చూపిస్తే చాలు.

ఆఫీసులో నాకు తెలిసినవాళ్ళు ఇద్దరు. ఒకరు మా సూపర్‌వైజర్. చైనీస్ ఆవిడ. మాట ఎప్పుడూ పరుగులోనే ఉండేది. ఏం చెప్పినా చివర్లో "కెన్ ఆర్ కెనాట్?" అనేవారు. "కెనాట్" అన్నవాళ్ళను నేనెప్పుడూ చూడలేదు. రెండోవారు ఇళ్ళకు వెళ్ళి మరమ్మతులు చేసే మలయ్ అంకుల్. మనిషి నెమ్మది. ఇళ్ళల్లోకి వెళ్ళేటప్పుడు చెప్పులు విప్పాలి కాబట్టి ఉతికిన మేజోళ్ళు ఒక జత ఎప్పుడూ సంచిలో ఉంచుకునేవారు. నా బల్ల పక్కనే ఆయన పాత సెల్లు పడేసే పెట్టె ఉండేది. మార్చిన సెల్లులను ఇళ్ళల్లో వదలకుండా వెనక్కి తేవాలన్నది మా కంపెనీ నియమం.

పుంగ్గోల్ ఇంటి ఫిర్యాదు నా ప్రొబేషన్ చివర్లో వచ్చి పడింది. కొత్త సెల్లు వేస్తారు, కొన్నాళ్ళు పనిచేస్తుంది, మళ్ళీ చచ్చిపోతుంది. అంకుల్ పదేపదే వెళ్ళారు. పలకనే మార్చి కొత్తది పెట్టారు. అదీ అంతే. ఆ ఇంటావిడ ఆ అపార్టుమెంట్ల కమిటీలో మనిషి. ఇంకొక్కసారి ఇలా జరిగితే మీ కంపెనీనే మార్చమని కమిటీకి రాస్తాను అని చాట్‌లో నాకే రాశారు. నేను ఎంత మర్యాదగా జవాబిచ్చినా ఆ మర్యాద సెల్లులకు ఎక్కలేదు.

సూపర్‌వైజర్ నన్ను పిలిచారు.

"అది మీ భాషవాళ్ళ ఇల్లు. నువ్వు వెళ్ళు."

"నేనా? నేను చాట్ కదా."

"సెల్లు మార్చడం రాదా? సోమవారానికి ఈ కేసు మూసేయాలి. నీ కన్ఫర్మేషన్ కాగితం నా బల్ల మీదే ఉంది. సంతకం పెట్టేదీ సోమవారమే. కెన్ ఆర్ కెనాట్?"

"కెన్" అన్నాను. అన్నానో, పెదవులు కదిలాయో.

నన్నెప్పుడూ "గాళ్", అంటే అమ్మాయీ అని పిలిచే అంకుల్, నన్ను చూసి జాలిపడ్డారు. "భయపడకు గాళ్. లోపలికి వెళ్ళగానే ఇల్లు చాలా బావుందని చెప్పు. తర్వాత అంతా వాళ్ళే మాట్లాడతారు." తన పెట్టెలోంచి కొన్ని సెల్లు తీసి చూపించారు. "ఒకటే నాకు అర్థం కాదు. మనం వేసేవన్నీ నీలం రంగువి. ఆ ఇంట్లోంచి నేను తెచ్చేవి ఎర్రవి, పచ్చవి. రోజుకో రంగు."

"వాళ్ళే మార్చుకుంటున్నారేమో అంకుల్?"

"మార్చుకునేవాళ్ళు చచ్చిపోయినవి పెట్టుకుంటారా? ఆ ఇంట్లో దయ్యం ఉంది లా." ఆ "లా"కు అర్థమేమీ లేదు, ఇక్కడివాళ్ళు మాట చివర తగిలించే తోక.

శుక్రవారం సాయంత్రం బయల్దేరాను. రైల్లో నాతోపాటు ఒక లావుపాటి నవల ఉంది కానీ ఒక్క పేజీ తిప్పలేదు. దారిపొడుగునా "నమస్కారమండీ, నేను థర్మోస్టాట్ కంపెనీ నుంచి వచ్చాను, ఇల్లు చాలా బావుందండీ" అని లోలోపల వల్లెవేసుకున్నాను. తలుపు తెరిచిన ఆవిడను చూడగానే అంతా మర్చిపోయాను.

ఆవిడకు ముప్పై దాటి ఉంటాయి. తలమీదకు టోపీ లాగిన ఉన్ని కోటు, చెవులకు హెడ్‌సెట్. ఆఫీసు కాల్ మధ్యలో లేచి వచ్చినట్టుంది. "సారీ అండీ, కాల్‌లో ఉన్నాను. అత్తయ్యా, ఏసీ వాళ్ళొచ్చారు, కొంచెం చూడండి" అని నన్ను హాల్లో వదిలేసి గదిలోకి వెళ్ళి తలుపేసుకున్నారు.

హాల్లో సోఫా అంచున అత్తగారు కూర్చుని ఉన్నారు. నేతచీర. పాదాలకు మేజోళ్ళు. చేతులు రెండూ పైటకింద దాచుకున్నారు. ఇల్లు బావుందని నేను చెప్పేలోపే ఆవిడ మొదలుపెట్టారు.

"దా పాపా, కూసో. ఏ ఊరు మీది?"

"ఒంగోలు దగ్గరండీ."

"మాది ధర్మవరం పక్కన పల్లె. ఎండ తప్ప ఇంకోటి ఎరగని ఊరు. కాఫీ తాగుతావా?"

"వద్దండీ."

"వద్దంటే తాగుతావని లెక్క" అంటూ వంటగదిలోకి వెళ్ళారు. కాఫీ వచ్చింది. అంతమంచి కాఫీ సింగపూర్‌లో నాకు అదే మొదలు.

టీవీ పక్కన చిన్న పూజా మందిరం ఉంది. అందులో వరుసగా దీపాలు. వత్తి దీపాలు కావు, ప్లాస్టిక్ ప్రమిదల్లో మినుక్కుమనే బుల్లి బల్బులు. నేను చూడడం ఆవిడ గమనించారు. "నిజం దీపం పెడితే పొగకు పైన ఆ గుండ్రంది కూస్తాది పాపా. నేనొచ్చిన మొదటి శుక్రవారమే కూసింది. కింద నుంచి సెక్యూరిటీ వాళ్ళు పరిగెత్తుకోని వచ్చినారు. అప్పుడు మా కోడలు ఇవి తెచ్చింది. అగ్గి లేదు, నూనె లేదు. దేవుడు కూడా అలవాటు పడిపోయినాడు."

నేను నవ్వేశాను. నవ్వాక భయం కొంచెం తగ్గింది. పలక మూత తీశాను. లోపల ఒకటి ఎర్రది, ఒకటి పచ్చది. పచ్చదానికి తుప్పు మరక. అంకుల్ చెప్పింది నిజమే. రెండు కొత్త నీలం సెల్లు వేయగానే అంకెలు వెలిగాయి, పైనుంచి చల్లగాలి మొదలైంది. ఆవిడ చేతులు మళ్ళీ పైటకిందికి వెళ్ళిపోయాయి.

పాతవి సంచిలో వేసుకోబోయాను.

"అవి ఆడనే పెట్టు పాపా."

"ఆఫీసుకు తీసుకెళ్ళాలండీ. నియమం."

"శుక్రవారం. దీపం పెట్టేసినాం. ఇంట్లోంచి ఏదీ బయటికి పోగూడదు. మీ ఇంట్లో లేదా?"

ఎందుకు లేదు? శుక్రవారం దీపం పెట్టాక మా అమ్మ పక్కింటికి గరిటెడు మజ్జిగ కూడా ఇవ్వదు. కంపెనీ నియమానికీ అమ్మ నియమానికీ మధ్య పడితే నా చేతులు వాటంతటవే అమ్మ వైపు వెళ్తాయి. సెల్లు బల్లమీద పెట్టేసి వచ్చాను.

తిరుగు రైల్లో కూర్చున్నాక అనిపించింది, మజ్జిగ సరే, ఉప్పూ సరే, తుప్పు పట్టిన సెల్లు పోతే ఏ ఇంటి సిరి పోతుంది?

మర్నాడు పొద్దున్నే ఫోన్ మోగింది. సూపర్‌వైజర్ పంపిన ఫొటో. పుంగ్గోల్ ఆవిడ ఫోన్‌లో యాప్ చూపిస్తున్న హెచ్చరిక: సెల్లు అయిపోవచ్చాయి. కింద సూపర్‌వైజర్ రాసిన ఒకే ఒక్క ప్రశ్నార్థకం. అంత చిన్న గుర్తు అంత పెద్దగా అరవగలదని అప్పుడే తెలిసింది.

శనివారం సెలవు. అయినా మళ్ళీ అదే రైలు. ఈసారి తలుపు తీసింది అత్తగారే. కోడలు కూరగాయలకు కిందికి వెళ్ళిందనీ, కొడుకు ఆఫీసు పనిమీద వేరే దేశంలో ఉన్నాడనీ చెప్పారు. నేను నేరుగా గోడ దగ్గరకు వెళ్ళి మూత తీశాను.

ఎర్రది ఒకటి. పచ్చది ఒకటి. తుప్పు మరక అదే.

వెనక్కి తిరిగాను. మందిరంలో దీపాలు నిన్నటికంటే కాంతిగా వెలుగుతున్నాయి. ఆవిడ నన్ను చూశారు, దీపాలను చూశారు, మళ్ళీ నన్ను చూశారు.

"కాఫీ తాగుతావా?" అన్నారు.

నాకు ఏం మాట్లాడాలో తోచలేదు. మాట్లాడలేకపోవడం నాకు ఎప్పుడైనా పనికొచ్చిందంటే అది ఆ రోజే. ఆ నిశ్శబ్దం ఆవిడే భరించలేకపోయారు. మందిరం దగ్గరకు వెళ్ళి ఒక దీపం బోర్లించి అడుగు చూపించారు. లోపల మా నీలం సెల్లు.

"ఊరికే పారేయలేదు పాపా. కొత్తవి దేవునికి, పాతవి గోడకి. మంచివే దేవునికి పెట్టల్ల కదా."

"అయితే నిన్న శుక్రవారం అన్నది..."

"చచ్చిపోయిన సెల్లులో లక్ష్మీదేవి యాడుంటుంది తల్లీ? మీవాళ్ళు వచ్చినప్పుడల్లా పాతవన్నీ పట్టుకోని పోతాండారు. నాదగ్గర అయిపోతాండాయి."

సోఫా కిందనుంచి ఒక బిస్కెట్ల రేకుడబ్బా లాగి మూత తీశారు. టీవీ రిమోట్లవి, గడియారాలవి, ఎక్కడెక్కడివో అయిపోయిన సెల్లు. పనికిరానివి ఇంత భద్రంగా దాచినవాళ్ళను నేను ఇంకెక్కడా చూడలేదు.

"ఎందుకండీ?"

"సలి పాపా." ఆ మాట చాలా చిన్నగా అన్నారు. "మోకాళ్ళు పట్టేస్తాండాయి. కడుపులోంచి వణుకు వస్తాది."

నేను పలకమీది బాణం గుర్తు చూపించాను. "ఇది నొక్కితే చలి తగ్గుతుందండీ."

"తెలుసు. నొక్కినాను ఒకసారి. ఆ యమ్మి ఫోన్‌లో పడిందంట. గదిలోంచి వచ్చి, అత్తయ్యా, పొరపాటున చెయ్యి తగిలినట్టుంది, నేను సరిచేస్తాలే అని మళ్ళా తగ్గించేసింది. అవునమ్మా, తగిలింది అన్యాను." డబ్బా మూత పెట్టేశారు. "సెల్లు అయిపోతే ఎవురి తప్పూ కాదు కదా."

"ఆవిడకు చెప్పొచ్చు కదండీ?"

"మంచిదే పాపా మా కోడలు. బంగారం. అందుకే యెట్ల మొదలుపెట్టల్లో తెలీడం లేదు. వాళ్ళ ఇల్లు, వాళ్ళ అలవాటు. వచ్చినమ్మ సలి అంటే, తప్పు పట్టినట్టు అనిపిస్తాదో, పోతానన్నట్టు అనిపిస్తాదో. పొద్దున్నుంచీ అనుకుంటా. ఈ రోజు చెప్పల్ల అని. ఆ యమ్మి బయటికి రాంగానే కాఫీ తాగుతావా అంటా."

రైలు దిగేదాకా వల్లెవేసుకుని, తలుపు తెరవగానే మర్చిపోయేది నేనొక్కదాన్నే అనుకున్నాను అంతవరకూ.

"మీ ఆఫీసులో చెప్పేస్తావా పాపా?"

చెప్పకపోతే సోమవారం నా కాగితం మీద సంతకం పడదు. కమిటీకి ఉత్తరం వెళ్తే మా అంకుల్ పని కూడా ఏమవుతుందో. చెబితే ఈ ఇంట్లో ఈవిడ మొహం ఎక్కడ పెట్టుకుంటారు? జవాబు ఆలోచించుకునే లోపే తాళం తిరిగిన చప్పుడైంది. రేకుడబ్బా సోఫాకిందికి ఒక్క తన్నుతో వెళ్ళిపోయింది. ఆ వయసు కాలికి ఆ చురుకు ఎక్కడిదో.

కోడలు చెమటతో లోపలికొచ్చి సంచులు కిందపెట్టారు. పెట్టగానే చేసిన మొదటి పని, సోఫా వీపుమీద ఉన్న ఉన్ని కోటు తీసి తొడుక్కుని, గొంతుదాకా జిప్ లాక్కోవడం. చూసుకోకుండా, అలవాటుగా.

నేను ఆ జిప్ వైపే చూస్తూ నిలబడ్డాను.

"ఏమైందండీ? డివైస్ ప్రాబ్లమా, మీ సెల్ ప్రాబ్లమా? ఈసారి నేను నిజంగానే కమిటీకి మెయిల్ పెట్టేస్తాను."

అత్తగారు గోడకేసి చూస్తున్నారు. నేను నోరు తెరిచాను. వల్లెవేసుకోని మాట ఒకటి బయటికొచ్చింది.

"కేసు మూసేముందు ఒక్క ప్రశ్న అడగాలండీ. ఇంట్లో ఉన్న ప్రతి మనిషినీ విడివిడిగా. మీకు ఎంత చల్లదనం కావాలని. మా కంపెనీ రూలు."

అలాంటి రూలేదీ మా కంపెనీలో లేదు.

"అలాగా? ఇంతకుముందు ఆ అంకుల్ అడగలేదే?"

"కొత్తగా పెట్టారు" అన్నాను. అప్పటికి అర నిమిషం కూడా కాలేదు పెట్టి. "పెద్దవాళ్ళతో మొదలుపెట్టాలి. చెప్పండమ్మా. ఎంత?"

ఆవిడ పైట సర్దుకున్నారు. నన్ను చూశారు. పరీక్షలో పక్కవాళ్ళు జవాబు అందిస్తే చూసే చూపు అది.

"ఇరవయ్యేడు" అన్నారు.

"ఇరవై ఏడా?" కోడలు సంచిలోంచి తీస్తున్న తోటకూర అలాగే పట్టుకుని ఆగిపోయారు. "అత్తయ్యా, మరి ఎప్పుడూ చెప్పలేదే?"

"ఎవురూ అడగలేదు కదమ్మా."

"అడగడమేంటి, మీరే కదా వచ్చిన రోజు, ఈ ఉక్కలో యెట్లుంటారమ్మా అన్నారు? మీకోసమే కదా నేను ఇరవై రెండులో పెట్టింది."

"నేను ఎయిర్‌పోర్టు బయట అన్యాను. టాక్సీ కాడ."

"నేనే చలికి చస్తున్నాను అత్తయ్యా. ఇంట్లో స్వెటర్ వేసుకుని పనిచేస్తున్నాను. మా ఆఫీసువాళ్ళు కెమెరాలో చూసి, మీది సింగపూరేనా అని అడుగుతున్నారు."

"నువ్వు ఆ టోపీ పెట్టుకోని తిరుగుతా ఉంటే ఇదేదో ఇక్కడ ఫ్యాషన్ అనుకుంటిని."

కోడలు తోటకూర బల్లమీద పడేసి నవ్వడం మొదలుపెట్టారు. ఆపుకోలేక సోఫాలో కూలబడ్డారు. ఆ నవ్వు చూసి ధైర్యమొచ్చిందేమో, అత్తగారు వంగి రేకుడబ్బా బయటికి లాగి ఆవిడ ఒళ్ళో పెట్టారు. "ఇది కూడా చెప్పేస్తా. సెల్లు నేనే తీస్తాంటిని. నీమీద కోపంతో కాదు." కోడలు డబ్బా తెరిచి చూసి, దీపాల వైపు చూసి, మళ్ళీ నవ్వు ఎత్తుకున్నారు. ఈసారి కళ్ళు తుడుచుకుంటూ.

ఇద్దరూ కాసేపు బేరమాడి ఇరవై ఆరు దగ్గర ఆగారు. ఆ బేరం నడుస్తున్నంతసేపూ నేను పలకకు కొత్త సెల్లు వేస్తున్నట్టు నటించాను. ఆ పని ఎప్పుడో అయిపోయింది. దేవుడి సెల్లు దేవుడి దగ్గరే ఉంచాం. వాటిని వెనక్కి అడిగేంత ధైర్యం ఇంకా రాలేదు.

వచ్చేటప్పుడు అత్తగారు డబ్బా నా చేతిలో పెట్టారు. "నిన్న ఆపినాను కదా. ఇయ్యాల తీస్కపో."

"శనివారం ఇనుము ఇంటికి తీసుకెళ్ళకూడదంటుందండీ మా అమ్మ."

"ఆఫీసు మీ ఇల్లా పాపా?"

తీసుకున్నాను.

సోమవారం రిపోర్టులో కారణం అన్నచోట "ఇంట్లో ఇద్దరికీ చలి" అని రాశాను. పరిష్కారం అన్నచోట "అడిగాం" అని రాశాను. సూపర్‌వైజర్ దాన్ని రెండుసార్లు చదివి తలెత్తారు.

"ఇది రిపోర్టా, కవిత్వమా?"

నేను జరిగిందంతా చెప్పాను. అంతసేపు ఆవిడతో ఏకబిగిన మాట్లాడడం అదే మొదలు. ఆవిడ మొదటిసారిగా "కెన్ ఆర్ కెనాట్" అనకుండా విన్నారు. పుంగ్గోల్ ఆవిడ అప్పటికే చాట్‌లో ధన్యవాదాలు రాసి ఉన్నారు. కమిటీకి ఉత్తరం వెళ్ళలేదు. నా కాగితంమీద సంతకం పడింది. సంతకంతోపాటు ఇంకో రెండు ఉత్తర్వులు వచ్చాయి. ఒకటి, నేను అక్కడికక్కడ పుట్టించిన రూలు ఇకనుంచి నిజంగానే కంపెనీ రూలు. ప్రతి ఇంట్లో ప్రతి మనిషినీ అడగాలి. రెండు, అడగడానికి అంకుల్‌తోపాటు వెళ్ళాల్సింది నేనే.

ఆ తర్వాత ఎన్ని ఇళ్ళ తలుపులు తట్టానో. యూ టీ అనే పేట వైపు ఒక ఇంట్లో తాతకూ మనవరాలికీ ఒప్పందం కుదర్చడానికి పెద్ద పంచాయితీయే చేశాను. ఆ ఉద్యోగం మానేసేనాటికి హాకర్ సెంటర్‌లో బొమ్మలు లేని కొట్టులో కూడా తినగలిగేదాన్ని. బిడియం పోయిందని మాత్రం చెప్పను. ఇప్పటికీ తలుపు తట్టేముందు లోలోపల వల్లెవేసుకుంటాను. కాకపోతే తలుపుకు అవతలివాళ్ళు కూడా ఏదో వల్లెవేసుకుంటూ ఉంటారని తెలుసు కాబట్టి, అంత ఒంటరిగా అనిపించదు.

ఆ సోమవారం నేను నా బల్ల దగ్గరికి వచ్చి రేకుడబ్బాను అంకుల్ పెట్టెలో బోర్లించాను. ఎర్రవి, పచ్చవి, తెల్లవి, గలగలమని పడ్డాయి. ఆ చప్పుడుకు ఆయన టీ గ్లాసుతో వచ్చి వంగి చూశారు.

"ఆ ఇంటివా? ఇన్నా? దయ్యం దొరికిందా గాళ్?"

"దొరికింది అంకుల్" అన్నాను. "కాఫీ చాలా బాగా పెడుతుంది."